బంతి కోసమే వెళ్ళాను

"కాల్లో రాడ్డు పెట్టుకుని మూడంతస్తుల మెట్లు వాడెలా ఎక్కుతాడమ్మా? భుజాన వేసుకుంటావా?"

"వేసుకుంటాను. కడుపులో మోసినదాన్ని, వీపు మీద మోయలేనా?"

అత్తగారు సంచిలో కొడుకు బట్టలు కుక్కుతున్నారు. కూతురు ఒకటి తీసి పక్కన పెడితే ఆవిడ రెండు కుక్కుతున్నారు. సంచి నిండదు, ఖాళీ కాదు.

హాల్లో సోఫా ఉండే చోట ఇప్పుడు ఆసుపత్రి మంచం ఉంది. దాని మీద ఆవిడ కొడుకు, అందరూ 'పిట్ట' అని పిలిచేవాడు. కుడికాలు దిండ్ల మీద, మోకాలి కింది నుంచి మడమ దాకా కట్టు. టీవీలో ఎవరో ఉల్లిపాయలు తరుగుతుంటే శబ్దం లేకుండా అదే పనిగా చూస్తున్నాడు. ఇంట్లో ఆటల చానెల్ పెట్టి మూడు వారాలు దాటింది.

గుమ్మంలో కారు తాళాలు పట్టుకుని అల్లుడు నిలబడ్డాడు. స్టేడియంలో అతన్ని 'గోడ' అంటారు. ఆ గోడ ఇప్పుడు తన ఇంట్లోకి తనే రాలేక గుమ్మానికి ఆనుకుని ఉంది.

"ఆసుపత్రికి టైమవుతోంది అత్తయ్యా."

"ఆటోలో వెళ్తాం. అటునుంచి అటే మా ఇంటికి."

"ఆటోలో కాలు చాపుకోడానికి చోటుండదు."

"ముడుచుకుంటాడు. ముడుచుకునే రోజులొచ్చాయిగా." ఆవిడ సంచి జిప్పు లాగారు. అది సగంలో పట్టేసింది.

"అమ్మా, ఆయన కావాలని చేయలేదు. ఎన్నిసార్లు చెప్పాలి నీకు?"

"నీకెలా తెలుసు? మైదానంలో నువ్వున్నావా?" ఆవిడ జిప్పుతో పెనుగులాడుతూనే అన్నారు. "జీవితమంతా బస్సులో కండక్టరుగా చేశాను. టికెట్టు లేనివాడు మన మొహం చూడడు, కిటికీలోంచి బయటికి చూస్తాడు. 'బంతి కోసమే వెళ్ళాను' అన్నప్పుడు ఈయన చూసిందీ కిటికీలోకే."

ఆ ఒక్క వాక్యమే అతను అందరికీ చెప్పాడు. ఎర్ర కార్డు చూపించిన రిఫరీకి, క్లబ్బు విచారణలో కూర్చున్న పెద్దలకి, పేపరువాళ్ళకి, కట్టుకున్న భార్యకి. ఊళ్ళో ఉన్నవి రెండు ఫుట్‌బాల్ క్లబ్బులు. ఒకదానికి అతను డిఫెండరు, రెండోదానికి భార్య తమ్ముడు ఫార్వర్డు. ఆ రోజు పిట్ట మైదానం గీత పక్కన బంతి అందుకుని లోపలికి తిరిగాడు. గోడ జారుతూ కాలు వేశాడు. ఆ చప్పుడు పై వరసల్లో కూర్చున్నవాళ్ళకి కూడా వినిపించిందట.

"అమ్మా, బావ కారులోనే పోదాం," అన్నాడు పిట్ట టీవీ మీంచి కళ్ళు తిప్పకుండా. "కాలు ఎలాగూ తీసుకున్నాడు. పెట్రోలైనా పోయనీ."

బావాబావమరుదుల మధ్య ఇలాంటివి ఒకప్పుడు రోజుకి పది నడిచేవి. ఇద్దరూ ఒకరి నెత్తిన ఒకరు మొట్టుకునేవారు. ఇప్పుడు ఎవరూ నవ్వలేదు. అల్లుడు వంగి చంకకర్రలు అందుకున్నాడు. అత్తగారు ఆ కర్రలు అతని చేతిలోంచి తీసుకుని కొడుక్కి ఇచ్చారు.

*

డాక్టరమ్మ ఎక్స్‌రేని వెలుగుతున్న అద్దానికి ఆనించి చూసింది. ఎముక మధ్యలో ఇనుపకడ్డీ తెల్లగా, అడ్డంగా మరలు.

"ఎముక బాగా అతుక్కుంటోంది," అంది. అత్తగారి గుండెల్లోంచి పెద్ద ఊపిరి ఒకటి బయటికొచ్చింది.

"ఇప్పుడు పాదం పైకెత్తండి. వేళ్ళు మీ వైపు రావాలి."

పిట్ట మొహం బిగించాడు. మెడ నరాలు తేలాయి. పాదం మాత్రం తనది కానట్టు అలాగే వేలాడింది.

"ఇంకోసారి."

ఇంకోసారి కూడా అంతే. ఆమె తన వేలితో అతని బొటనవేలి పక్కన గీసింది. "తెలుస్తోందా?"

"మీరు గీస్తున్నారా?" అన్నాడు పిట్ట.

డాక్టరమ్మ కుర్చీ దగ్గరికి లాక్కుని కూర్చుంది. అంతవరకూ నిలబడి మాట్లాడిన మనిషి. అలా కూర్చోగానే అక్కకి విషయం అర్థమైపోయింది. తమ్ముడి భుజం మీద చెయ్యి వేసింది.

"విరిగినప్పుడు ఎముక నరాన్ని కోసేసింది. ఆపరేషన్ చేసినప్పుడే అనుమానంగా ఉంది. వాపు తగ్గాక చూద్దామనుకున్నాను. కొంచెం తిరిగి రావచ్చు. మొత్తం రాదు. నడుస్తారు, మెట్లెక్కుతారు. చీలమండకి పట్టీ వేసుకుంటే ఎవరికీ తెలియను కూడా తెలియదు."

"పరుగు?"

"బస్సు అందుకోడానికైతే సరిపోతుంది. ఆటకి సరిపోదు."

"మా అమ్మ కండక్టరు డాక్టరుగారూ," అన్నాడు పిట్ట. "నేను పరుగెత్తక్కర్లేదు. బస్సే ఆగుతుంది."

అత్తగారు గోడ మీది అస్థిపంజరం బొమ్మ వైపు తిరిగి నిలబడ్డారు. దాన్ని ఎముక ఎముకగా చదువుతున్నట్టు చాలాసేపు అలాగే ఉండిపోయారు.

అల్లుడు బయట వరండాలో ఉన్నాడు. తలుపు తెరుచుకోగానే లేచాడు. "నరం తెగింది. ఇక ఆడలేడు," అంది భార్య. కారు తేవడానికి వెళ్ళాడు.

*

సిగ్నల్ దగ్గర కారు ఆగింది. పక్కన స్కూటరు మీద ఉన్న మనిషి లోపలికి తొంగి చూసి, హెల్మెట్ అద్దం పైకెత్తి, కిటికీ మీద కొట్టాడు. అలవాటు కొద్దీ అల్లుడు అద్దం దించాడు.

"గోడన్నా! కంగ్రాట్స్ అన్నా. ఇప్పుడే చూశా ఫోన్లో. మన దేశానికి నువ్వే కెప్టెన్ అంట కదా. ఆ పాత కెప్టెన్‌కి మోకాలు పోయిందంట. మంచే జరిగింది లే…"

అప్పుడు వెనక సీట్లో చాపిన కాలు కనపడింది అతనికి. ఆ కాలెవరిదో మొహం చూశాక తెలిసింది. హెల్మెట్ అద్దం దానంతట అదే కిందికి పడింది. సిగ్నల్ ఇంకా ఎర్రగానే ఉంది. పాపం, ఎటూ పోలేక రోడ్డు వైపు చూస్తూ కూర్చున్నాడు.

అల్లుడు అద్దం పైకెత్తాడు. అత్తగారి ఇంటి మలుపు వచ్చినా ఆవిడ ఆపమనలేదు, కారు అల్లుడి ఇంటికే చేరింది.

*

"ఎప్పుడొచ్చింది ఫోను?"

పడకగది తలుపు వేసి అడిగింది భార్య.

"పొద్దున."

"మాకు చెప్పాల్సింది స్కూటరువాడా?"

"డాక్టరు ఏమంటుందో చూశాక చెబుదామనుకున్నాను."

"అంటే వాడు బాగుపడతాడంటే వెళ్దామని. లేకపోతే?"

"లేకపోతే వెళ్ళకూడదనే."

"నిజంగా?"

అతను మంచం అంచున కూర్చుని బూటు విప్పుతున్నాడు. లేసు ముడి పడింది. గోటితో లాగుతున్నాడు.

"కెప్టెన్సీ కోసం ఎన్నేళ్ళు చూశానో నీకు తెలుసు," అన్నాడు చివరికి. "ఇంకోసారి రాదు."

"వాడికీ ఇంకోసారి రాదు."

"నేను ఇంట్లో కూర్చుంటే వాడి నరం అతుక్కుంటుందా?"

అన్న మరుక్షణమే ఆ మాట వెనక్కి తీసుకోవాలనిపించింది అతనికి. భార్య తిట్టి ఉంటే బాగుండేది. తలుపు తీసి, "వాడు పిలుస్తున్నాడు మిమ్మల్ని," అని పక్కకి తప్పుకుంది.

పిట్ట టీవీ కట్టేశాడు. అత్తగారు మందుల కోసం వీధి చివరికి వెళ్ళారు. బావ కుర్చీ లాక్కోబోతే, "మంచం మీదే కూర్చో. కాలికి దూరంగా కూర్చో చాలు," అన్నాడు.

గోడ మంచం అంచున కూర్చున్నాడు.

"ఆ దేశం జట్టులో నా పేరు కూడా ఉండేదంట. తెలుసా?"

"తెలుసు. పెద్ద కోచ్ చెప్పాడు."

"నాకూ చెప్పాడు. నీకు చెప్పొద్దన్నాను. జాబితా వచ్చాక నీ మొహం చూద్దామని." పిట్ట కట్టు మీద ఊడిన దారం ఒకటి పీకాడు. "నువ్వు వెనకా, నేను ముందూ. ఒకే రంగు చొక్కా. నువ్వు పొడుగ్గా కొడితే నేను అందుకోవాలి. అమ్మ రెండు వైపులా చప్పట్లు కొట్టక్కర్లేకుండా ఒక వైపే కూర్చునేది."

గోడ తలవంచుకున్నాడు.

"ఒకటి అడుగుతాను. పేపరువాళ్ళకి చెప్పింది నాకు చెప్పకు."

"అడుగు."

"ఆ రోజు నిన్ను రెండుసార్లు దాటేశాను. రెండోసారి జనం నవ్వారు. కోపమొచ్చిందా?"

"వచ్చింది."

"అందుకే కొట్టావా?"

"కాదు."

"మరి?"

గోడ తన అరచేతులు చూసుకున్నాడు. బయట ఎవరో నీళ్ళ మోటారు వేశారు. అది గురగురమని, తర్వాత సన్నగా మోగడం మొదలుపెట్టింది.

"నువ్వు ఎటు తిరుగుతావో నాకు ముందే తెలుసు," అన్నాడు. "ఆ తిరుగుడు నీకు నేర్పింది నేనే కదా. కుడివైపు ఒళ్ళు వంచి ఎడమకి పోవడం. కంటికి తెలిసిపోయింది. కాలికి చెప్పాను. కాలు వచ్చింది. ఆలస్యంగా వచ్చింది. అప్పటికి బంతి వెళ్ళిపోయింది. బంతి ఉండాల్సిన చోట నీ కాలుంది."

"ఆ ఒక్కసారేనా?"

"కాదు."

"ఎప్పటినుంచి?"

"పోయిన సీజన్ నుంచి. మొదట మోకాలనుకుని సూదులు వేయించుకున్నాను. తర్వాత బూట్లనుకున్నాను, బూట్లు మార్చాను. నిద్ర చాలడం లేదనుకున్నాను. వయసు అని మాత్రం అనుకోలేదు. ఎలాగో నెట్టుకొచ్చాను. ముందే వెళ్ళి నిలబడటం, పక్కవాణ్ణి అరిచి పంపడం, రిఫరీ చూడనప్పుడు చొక్కా పట్టుకోవడం. జారడం మాత్రం మానేశాను. జారితే అందనని తెలుసు."

"తెలిసి నా మీదికెందుకు జారావు?"

"నువ్వు కాబట్టి." అన్నాడు గోడ. "ఇంకెవడైనా అయితే వదిలేసేవాణ్ణి. నీ చేతిలో మూడోసారి నవ్వులపాలు కావడం నా వల్ల కాలేదు."

పిట్ట వెనక్కి వాలి కళ్ళు మూసుకున్నాడు. అతని కనురెప్పల కింద తడి కమ్మింది, జారలేదు.

"కావాలనే కొట్టావనుకున్నాను బావా. అదే బాగుండేది. నన్ను ఆపలేక భయపడి కొట్టాడులే అని గర్వంగానైనా చెప్పుకునేవాణ్ణి." ఊపిరి పీల్చుకున్నాడు. "ముసలోణ్ణయ్యానని ఒప్పుకోలేక నా కాలు విరగ్గొట్టావన్నమాట. ఇది ఎవరికి చెప్పుకోను?"

గోడ చెయ్యి చాపాడు. పిట్ట కళ్ళు తెరవకుండానే, "ముట్టుకోకు," అన్నాడు.

గోడ చెయ్యి వెనక్కి తీసుకున్నాక మళ్ళీ అతనే అన్నాడు. "ఇప్పుడు దేశం తరఫున వెళ్తున్నావు. అవతల ఎవడో ఉంటాడు. నాలాగే గీత పక్కన బంతి తీసుకుని లోపలికి తిరుగుతాడు. వాడికీ ఇంట్లో ఎవరో ఉంటారు. వెళ్ళు బావా. నాకు నిద్రొస్తోంది."

*

వంటింట్లో భార్య గిన్నెలు కడుగుతోంది. అతను కిటికీ దగ్గర నిలబడి దేశం జట్టు పెద్ద కోచ్‌కి ఫోన్ చేశాడు. ఆయనది మైదానం ఈ చివర నిలబడి ఆ చివర గోల్‌కీపరుకి చెప్పే గొంతు. ఫోన్లో కూడా తగ్గదు. భార్య కుళాయి కట్టేసింది.

"నేను రాలేను సార్."

"ఇంట్లో పరిస్థితి నాకు తెలుసు. రెండు రోజులు ఆలస్యంగా రా."

"అది కాదు. నా కాళ్ళు అయిపోయాయి సార్. నేను అందడం లేదు. ఆ కుర్రాడి మీదికి ఆలస్యంగా వెళ్ళాను."

కోచ్ తేలిగ్గానే అన్నాడు. "నాకు తెలుసు."

"ఏం తెలుసు?"

"నీ వేగం పడిపోయిందని. మీ క్లబ్బు కోచ్ ఎప్పుడో చెప్పాడు. నువ్వు వేసుకునే బనీనులో వేగం కొలిచే యంత్రం ఉంటుంది కదా, అది మాకు అన్నీ చెబుతుంది. నాకు నీ కాళ్ళు వద్దు. నీ గొంతు కావాలి. కుర్రాళ్ళని ఎవరి చోట వాళ్ళని నిలబెట్టే మనిషి కావాలి. నీ పక్కన బాగా పరుగెత్తేవాణ్ణి వేస్తాను."

"మా క్లబ్బులో కూడా అందరికీ తెలుసా?"

"తెలియకుండా ఎలా ఉంటుంది?"

"తెలిసి నన్నెందుకు ఆడించారు?"

"గెలుస్తున్నారు కాబట్టి," అన్నాడు కోచ్. ఆ మాటలో దురుసుతనం లేదు. వాన పడుతోంది కాబట్టి గొడుగు వేసుకున్నామన్నట్టు చెప్పాడు. "ఆలోచించుకో, కాసేపట్లో మళ్ళీ చేస్తాను. అప్పటిదాకా నీ పేరు తీయను. ఒకటి గుర్తుపెట్టుకో, ఇలాంటిది మళ్ళీ రాదు."

ఫోన్ ఆగిపోయింది. అతను దాన్ని కిటికీ గట్టు మీద పెట్టాడు. చేతిలోంచి జారిపోతుందేమో అన్నంత జాగ్రత్తగా పెట్టాడు.

"విన్నావా? లోకమంతా తెలుసట. ఇంట్లోవాళ్ళకి తప్ప."

భార్య తడిచేతులు పైటకి తుడుచుకుంటూ ఉండిపోయింది. చేతులు ఎప్పుడో ఆరిపోయాయి.

"నాకూ తెలుసు," అంది.

అతను తిరిగి చూశాడు.

"పోయినేడు వానల్లో బల్ల మీది గాజు గ్లాసు నా మోచెయ్యి తగిలి పడింది. మీరు పక్కనే ఉన్నారు. పెళ్ళైన దగ్గర్నుంచి మీరున్న చోట ఏదీ కింద పడి పగల్లేదు. పట్టేసుకునేవారు. ఆ రోజు గ్లాసు పగిలాక మీ చెయ్యి వచ్చింది." ఆమె గొంతు సన్నగా ఉంది, తొణకడం లేదు. "మర్నాడు ఇంకోటి పడేశాను. కావాలనే. చూద్దామని. అదీ పగిలింది. 'ఏంటీ, చేతిలో వస్తువు నిలవడం లేదా' అని నన్ను విసుక్కున్నారు."

"అయితే నాకెందుకు చెప్పలేదు?"

"చెబితే ఆట మానేసేవారా? నాతో మాట్లాడటం మానేసేవారు." ఆమె మొదటిసారి అతని మొహంలోకి చూసింది. "నేను పనిచేసే కళ్ళజోళ్ళ దుకాణంలో రోజూ చూస్తాను. చూపు తగ్గిందని చెబితే అద్దం తప్పంటారు, అక్షరాల బోర్డు తప్పంటారు. చివరికి నా మీద అరుస్తారు. మీరు కూడా అలాగే అరుస్తారని తెలుసు. ఇంకొక్క సీజనే కదా, దానంతట అదే అయిపోతుంది కదా అనుకున్నాను. అవతల ఉండేది ఎప్పుడూ ఎవరో ఒకరి తమ్ముడేనని తట్టలేదు నాకు."

వంటింటి గుమ్మంలో మందుల పొట్లం కింద పడింది.

అత్తగారు ఎప్పుడొచ్చారో ఇద్దరూ చూడలేదు. ఆవిడ పొట్లం కేసి వంగలేదు. అల్లుడి వైపు చూడలేదు. కూతురినే చూస్తున్నారు.

"గ్లాసులు పడేసి చూశావా?"

"అమ్మా…"

"ఆటకి ముందు రోజు నాకు ఫోన్ చేశావు. 'అమ్మా, రేపు వాణ్ణి బావ జోలికి ఎక్కువ వెళ్ళొద్దను, దూరం నుంచే ఆడమను' అన్నావు. మొగుడి పరువు కోసం అంటున్నావనుకున్నాను. 'ఆట ఆటేనే, తమ్ముడు గెలిస్తే నీకు కుళ్ళా' అని నవ్వాను." ఆవిడ గుమ్మాన్ని పట్టుకున్నారు. "వాడికి ఆ మాట చెప్పనేలేదు నేను. అసలు సంగతి ఇదీ అని నువ్వు నాకు చెప్పి ఉంటే, ఇంట్లో గడియ పెట్టేసేదాన్ని. ఆ ఒక్క పూట వాణ్ణి ఇంట్లో పెట్టి గడియ వేసేదాన్ని."

అల్లుడు ఒక అడుగు ముందుకేశాడు.

"తప్పు నాది అత్తయ్యా. ఆమెనేం అనకండి."

"మీది తప్పేనండీ. అది నాకు తెలుసు," అన్నారు అత్తగారు. మూడు వారాల్లో మొదటిసారి ఆవిడ గొంతులో కోపం లేదు. "మీరు పరాయివారు. మిమ్మల్ని తిట్టి ఇన్నాళ్ళు బతికాను. దీన్నేం చేయను? ఇది వాణ్ణి ఎత్తుకుని పెంచింది."

హాల్లోంచి పిట్ట గొంతు వినపడింది. "అక్కా, కాసిని మంచినీళ్ళు."

ముగ్గురూ కదల్లేదు. కిటికీ గట్టు మీద ఫోన్ మోగడం మొదలుపెట్టింది. కోచ్ పేరు వెలుగుతోంది. అల్లుడు దాన్ని చూస్తున్నాడు, తీయడం లేదు, ఆపడం లేదు.

అత్తగారు గ్లాసులో నీళ్ళు పోసి కూతురి చేతిలో పెట్టారు.

"నిన్నే అడుగుతున్నాడు. నువ్వే వెళ్ళు. వెళ్ళి నువ్వే చెప్పు. నా నోటి వెంట వాడు ఇది వినడానికి వీల్లేదు."

ఆమె గ్లాసు రెండు చేతులతో పట్టుకుని హాల్లోకి నడిచింది. మంచం దగ్గర ఆగింది. పిట్ట దిండు మీద మోచెయ్యి ఆనించి, నొప్పికి పళ్ళు బిగించి, కొంచెం పైకి లేచాడు. నీళ్ళ కోసం చెయ్యి చాపి అక్క మొహం చూశాడు.

చాపిన చెయ్యి మధ్యలోనే ఆగిపోయింది.

"ఏంటక్కా?"